చార్మినార్ చౌరస్తా: నాలుగు రోజులు, రెండు గడియారాలు

చార్మినార్‌కి ఎక్కువమంది సాయంత్రం ఆరింటికి వస్తారు. ఒక ఫొటో, రెండు జతల గాజులు, ఒక ఇరానీ చాయ్, మళ్లీ ఆటో. ఆ గంటలో కనబడేది జనమే. చౌరస్తా కనబడాలంటే అదే చోటికి వేర్వేరు వేళల్లో నాలుగు రోజులు రావాలి. గురువారం మొదలుపెట్టి ఆదివారం రాత్రి ముగిస్తే సరిపోతుంది. మధ్యలో శుక్రవారం ఒకటి తప్పనిసరిగా ఉండాలి, ఎందుకో ఆ రోజు దగ్గరికి వచ్చాక తెలుస్తుంది.

నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా అనువైన కాలం. బస అఫ్జల్‌గంజ్ చుట్టుపక్కల చూసుకుంటే నడిచి పోవచ్చు. మెట్రోలో వచ్చేవాళ్లు ఎంజీబీఎస్ (మహాత్మా గాంధీ బస్ స్టేషన్) దగ్గర దిగాలి. అక్కణ్నుంచి నయాపూల్, మదీనా, పత్తర్‌గట్టి మీదుగా సుమారు రెండు కిలోమీటర్ల నడక. తెల్లవారుజామున మాత్రం మెట్రోను నమ్ముకోవద్దు, ఆటోయే దిక్కు. కట్టడం చుట్టూ మోటారు బళ్లు రానివ్వరు కాబట్టి సొంత బండి తెచ్చుకున్నా దూరంగా ఎక్కడో పెట్టి నడవాల్సిందే. దాని బదులు తేకుండా ఉండడమే మేలు. అడుగు జారని చెప్పులు కావాలి. చుట్టూ పరిచిన గ్రానైట్ రాళ్ల మీద వానొచ్చినా, పొద్దున నీళ్లు చల్లినా కాలు నిలవదు.

గురువారం

సూర్యోదయానికి కనీసం ముప్పావు గంట ముందు చేరాలి. డిసెంబరు, జనవరిల్లో ఇక్కడ సూర్యుడు ఆరున్నర, ఆరూ యాభై మధ్య వస్తాడు కాబట్టి అయిదూ ముప్పావుకల్లా అక్కడుంటే చాలు. జూన్‌లో అయితే అయిదుకే రావాలి.

మొదట లాడ్ బజార్ మొదట్లో, అంటే కట్టడానికి పడమర వైపు నిలబడండి. వెనక ఆకాశం తెల్లబడుతుంటే నాలుగు మినార్లు నల్లగా, గీత గీసినట్టు నిలుస్తాయి. ఎండ పడ్డాక తూర్పు వైపుకి మారండి. 1591లో మహమ్మద్ కులీ కుతుబ్‌షా కట్టించిన ఈ కట్టడం సరిగ్గా నాలుగు దిక్కులకూ ముఖాలు పెట్టుకుని ఉంది. ఒక్కో ముఖం సుమారు 20 మీటర్లు, ఒక్కో కమాను వెడల్పు 11 మీటర్లు. అందుకే చలికాలం పొద్దున ఎండ తూర్పు ముఖాన్ని పట్టుకుంటే ఉత్తరం, పడమర ముఖాలు నీడలోనే ఉంటాయి. మధ్యాహ్నం బూడిద రంగులో కనబడే సున్నం గోడ ఆ ఇరవై నిమిషాలూ లేత పసుపు తిరుగుతుంది.

ఈ వేళకి చౌరస్తా చీపుళ్ల చప్పుడుతో మొదలవుతుంది. పొడుగాటి చీపురు కర్రతో ఊడ్చే చప్పుడు ఒక పద్ధతిలో వస్తుంది: రెండు పొడుగు తోపులు, ఒక పొట్టి విదిలింపు. పావురాలు ఆ చీపురికి రెండడుగుల దూరం లేచి మళ్లీ వెనకే వాలతాయి. నహారీ హోటళ్లలో మాత్రం అప్పటికే గిన్నెలు ఖాళీ అవుతుంటాయి. నహార్ అంటే పొద్దు. రాత్రంతా సన్నని సెగ మీద ఉడికిన మాంసం పులుసు అది. కుల్చా రొట్టెతో తినాలి. ఎనిమిదింటికి వెళ్లి ‘ఉందా’ అని అడిగితే నవ్వుతారు.

ఆ తరవాత తోపుడు బళ్లు వస్తాయి. ఒక్క బత్తాయి బండిని మొదటి నుంచి చివరిదాకా కదలకుండా చూడండి, అర గంట పడుతుంది. చక్రాల కింద ముందూ వెనకా రాయి. బల్ల మీద తడిపిన గోనె పట్టా. కాయలన్నీ ఒకసారి కుమ్మరించి పరిమాణాన్ని బట్టి మూడు కుప్పలు చేస్తారు. అసలు పనితనం ఇక్కడే ఉంది. గోపురం కట్టడానికి ఒకే పరిమాణం కాయలే వాడాలి. అడుగు వరస ఆరు ఆరుల ముప్పయ్యారు. నాలుగు కాయల మధ్య గుంటలో ఒక కాయ కూర్చుంటుంది కాబట్టి దాని మీద ఇరవై అయిదు, ఆ పైన పదహారు, తొమ్మిది, నాలుగు, ఒకటి. మొత్తం తొంభై ఒక్క కాయలు. అడుగు వరసకి చుట్టూ చెక్కపట్టీ ఆసరా లేకపోతే బరువుకి అంచు కాయలు బయటికి జారతాయి. ఒక్క చిన్న కాయ అడుగున పడితే పైన మూడు వరసలు ఒరుగుతాయి. తొడిమె లోపలికి, నున్నటి వైపు బయటికి. కొనేవాళ్లు మధ్యలోంచి కాయ లాగబోతే బండివాలా చెయ్యి మాటకన్నా ముందు వస్తుంది: ‘అన్నా, పైనుంచి తీస్కో!’ అది కోపం కాదు, ఇంజినీరింగ్.

పదింటికి ఎండ ఎక్కుతుంది. ఇక గడియారాల సంగతి. నాలుగు ముఖాల మీదా కనబడే గడియారాలు 1889లో పెట్టినవి. భారత ప్రామాణిక కాలం వచ్చింది 1906లో. మన ప్రామాణిక కాలం లెక్క 82.5 డిగ్రీల రేఖాంశానిది, హైదరాబాద్ ఉన్నది దాదాపు 78.5 డిగ్రీల మీద. డిగ్రీకి నాలుగు నిమిషాలు. అంటే ఇక్కడ సూర్యుడు చేతి గడియారంకన్నా సగటున పదహారు నిమిషాలు ఆలస్యంగా నడినెత్తికి వస్తాడు. నవంబరు మొదట్లో పన్నెండింటికే, ఫిబ్రవరి మధ్యకి పన్నెండున్నరకి. చౌరస్తా ఈ రెండో గడియారాన్నే, అంటే సూర్యుణ్నే, ఎక్కువ పట్టించుకుంటుంది. జుహర్, అంటే మధ్యాహ్నపు నమాజు వేళ, సూర్యుడు నడినెత్తి దాటాకే మొదలవుతుంది. అసర్, అంటే సాయంత్రపు నమాజు వేళ, నీడ పొడుగుని బట్టి. హనఫీ అనే ఇస్లాం ధర్మశాస్త్ర పద్ధతి లెక్కలో వస్తువు ఎత్తుకి రెండింతలు, దానికి మిట్టమధ్యాహ్నపు నీడ కలిపితే ఎంతో అంత పొడుగు నీడ పడాలి. డిసెంబరు చివర్లో అది నాలుగుంబావు ప్రాంతంలో వస్తుంది. మగ్రిబ్ నమాజు సూర్యాస్తమయానికి. ఈ లెక్క తెలిస్తే దుకాణంలో మాట మధ్యలో మనిషి ఎందుకు లేచి వెళ్లిపోయాడో, పావు గంటలో జనం ఎందుకు రెట్టింపయ్యారో వింతగా అనిపించదు.

వేసవిలో వచ్చేవాళ్లకి ఒక చిన్న బహుమానం: మే 9, ఆగస్టు 3 ప్రాంతాల్లో మధ్యాహ్నం ఇక్కడ నిలువు వస్తువుకి నీడే ఉండదు. ఆ రెండు తేదీల మధ్య సూర్యుడు నడినెత్తికి ఉత్తరంగా పోతాడు. ఏడాదిలో మిట్టమధ్యాహ్నం ఉత్తర ముఖం మీద ఎండ పడేది ఆ మూడు నెలలే. ఉత్తరాన ఉన్న గుల్జార్ హౌజ్ వైపు నుంచి తీసిన ఫొటోలన్నీ మసకగా ఉన్నాయని కెమెరాని తిట్టుకునేవాళ్లు ఈ మాట గుర్తుంచుకోవాలి.

శుక్రవారం

పన్నెండున్నర నుంచి రెండున్నర దాకా మక్కా మసీదు వైపు పర్యాటకులు వెళ్లకపోవడమే మర్యాద. ప్రాంగణం నిండి వరసలు బయటికి కూడా రావచ్చు. పోలీసులు దారులు మళ్లిస్తారు, అటో ఇటో వెళ్లబోయి ఇరుక్కునేది ఇప్పుడే. మసీదు లోపలికి వెళ్లాలంటే పొద్దున్నే వెళ్లండి. కుతుబ్‌షాహీల కాలంలో మొదలై ఔరంగజేబు హయాంలో 1694లో పూర్తయిన కట్టడం ఇది. ఆసఫ్‌జాహీల సమాధులు ప్రాంగణంలోనే ఉన్నాయి. పొట్టి నిక్కర్లతో రానివ్వరు. ఆడవాళ్లు దుపట్టా తెచ్చుకుంటే మంచిది.

శుక్రవారం చూడాల్సింది నమాజు తరవాతి అర గంట. దూరంగా, కట్టడానికి దక్షిణం వైపు ఏదైనా అరుగు చూసుకుని కూర్చోండి. అంతవరకూ దాదాపు ఆగిపోయినట్టున్న చౌరస్తా ఒక్కసారి అన్ని వైపులకీ కదులుతుంది. టోపీలు మడిచి జేబులో పెట్టుకునేవాళ్లు, పిల్లల్ని భుజాల మీద ఎక్కించుకునేవాళ్లు, అత్తరు సీసా మూత తీసి పక్కవాడి మణికట్టు మీద ఒక చుక్క రాసేవాళ్లు. బళ్లవాళ్లంతా ఆ అర గంట కోసమే పొద్దున్నుంచీ సర్దుకుని ఉంటారు. ఆగ్నేయం మినార్ పాదం దగ్గర భాగ్యలక్ష్మి గుడి గంట అదే సందడిలో వినిపిస్తుంటుంది.

సాయంత్రం ఉత్తరంగా గుల్జార్ హౌజ్‌కి నడవండి. నాలుగు కమాన్ల మధ్య ఉన్న నీటి తొట్టి అది. ఉత్తరాన మచ్లీ కమాన్, తూర్పున కాలీ కమాన్, పడమర షేర్-ఎ-బాతిల్ కమాన్, దక్షిణాన చార్మినార్ కమాన్. పేర్లు ఎవర్ని అడిగినా ఒకటి తప్పు చెబుతారు, అదో సరదా. ఈ గల్లీల్లో వెండి వరఖ్ (మిఠాయిల మీద అద్దే పల్చటి రేకు) కొట్టే సుత్తి చప్పుడు ఇంకా అక్కడక్కడా వినబడుతుంది. చిన్న వెండి ముక్కల్ని పుస్తకంలాంటి కట్టలో ఆకుకి ఒకటి చొప్పున పెట్టి, పైన గట్టి తోలు వేసి, గంటల తరబడి కొడతారు. దెబ్బ మధ్య నుంచి అంచుకి జరుగుతూ పోవాలి, కట్టని తిప్పుతుండాలి. ఒకేచోట పడితే రేకు మధ్యలో చిరిగి అంచులు మందంగా మిగులుతాయి. ఎంత ఉక్కపోసినా ఫ్యాను వెయ్యరు, వేస్తే రేకు గాల్లో పోతుంది. తినే వరఖ్ తయారీలో జంతు పదార్థాలు వాడకూడదని 2016లో ఆహార భద్రతా నిబంధన వచ్చింది. జంతు పొరలతో చేసే పాత పద్ధతి కట్టలు తగ్గాయి, పనిలో చాలా భాగం యంత్రాల పాలైంది. కాబట్టి ఆ సుత్తి ఎక్కడైనా వినబడితే ఆగండి. అడగకుండా ఫొటో తియ్యొద్దు.

శనివారం

పొద్దున టికెట్ కౌంటర్ తెరిచేసరికి వరసలో ముందుండాలి. పదకొండు దాటితే పైకి ఎక్కడం కన్నా మెట్లలో నిలబడడమే ఎక్కువ. మినార్ చివరిదాకా 149 మెట్లున్నా మనల్ని మొదటి అంతస్తు వరకే వెళ్లనిస్తారు. పై అంతస్తులో పడమటి వైపున్న మసీదుకి పర్యాటకులకి దారి లేదు. మెట్లు ఎత్తు, దారి ఇరుకు, మెలికలు తిరుగుతూ చీకట్లో పోతుంది. మెట్టు ఒకవైపు సన్నగా, మరోవైపు వెడల్పుగా ఉంటుంది. ఎక్కేటప్పుడు ఎలా ఉన్నా దిగేటప్పుడు వెడల్పు వైపే అడుగు పెట్టాలి. వీపు సంచిని ముందుకి మార్చుకోవాలి, లేకపోతే వెనకున్న వాళ్ల ముఖానికి తగులుతుంది. మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లని బలవంతాన తీసుకుపోవద్దు. మధ్యలో ఆగడానికి చోటుండదు.

పైన నాలుగు వైపులా నాలుగు దారులు. ఉత్తరాన కమాన్లు, పత్తర్‌గట్టి. దక్షిణాన శాలిబండ వైపు రోడ్డు. తూర్పున సర్దార్ మహల్. పడమర లాడ్ బజార్. జనం గుంపుగా కనబడ్డా కింద వాళ్లు నడిచేది నది మలుపుల్లాగే: బండి కనబడగానే ఎడమకి, దుకాణం మెట్టు దగ్గర కుడికి, మళ్లీ మధ్యకి. కమానుల చుట్టూ సున్నపు పనిలో పూలు, తీగలు వెతకండి. ఒక కమాను మీద చిన్న పిల్లి తల కూడా ఉంది. దాన్ని వెతికే పని పిల్లలకి అప్పగిస్తే పెద్దవాళ్లకి పది నిమిషాల విశ్రాంతి. ఈ సున్నపు పనికి ప్రధాన శత్రువు నీళ్లు. పగుల్లోంచి లోపలికి పోయిన తడి బయటి పొరని తోసేస్తుంది. 2019 మే నెలలో ఒక మినార్ నుంచి పెద్ద పెచ్చు ఊడి కింద పడింది కూడా. మరమ్మతుకి సిమెంటు వాడితే అది గట్టిపడి తడిని లోపలే బిగించేస్తుంది, పక్కనున్న పాత సున్నం ఇంకా తొందరగా పొడి అవుతుంది. గానుగ సున్నానికి గానుగ సున్నమే మందు.

దిగాక లాడ్ బజార్. ఇక్కడ తొందరపడకూడదు. హైదరాబాద్ లక్క గాజులకి 2024లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. ముందు గాజు తయారవడం చూసి తరవాత కొనండి. బొగ్గుల కుంపటి మీద లక్కని కరిగించి, పొడి, రంగు కలిపి ముద్ద చేస్తారు. చెక్క పీటతో దొర్లించి కడ్డీలా సాగదీసి, వేడిగా ఉండగానే లోహపు చుట్టు మీద పొదుగుతారు. కొలత కర్రకి ఎక్కించి గుండ్రం సరిచేస్తారు. తరవాత రాళ్లు. సూదిమొన లాంటి పుల్లతో ఒక్కో రాయిని ఎత్తి, సెగ తగిలిన లక్క మీద నొక్కుతారు. లక్క మరీ వేడెక్కితే రాయి మునిగిపోతుంది, గాజు ఒంపు తిరుగుతుంది. చల్లారితే రాయి పట్టదు, పట్టినట్టున్నా వారంలో రాలుతుంది. పనివాడు లక్కని చూడడు, చెంపకి దగ్గరగా తెచ్చి వేడి కనుక్కుని మళ్లీ కుంపటి మీదికి తీసుకెళతాడు. ఆ రాకపోకలకి ఒక తాళం ఉంటుంది, రెండు నిమిషాలు చూస్తే మీ తల కూడా ఊగుతుంది.

కొలత విషయంలో కొత్తవాళ్లు తప్పక పొరబడతారు. 2.4, 2.6, 2.8 అని రాసి ఉండేవి దశాంశాలు కావు. రెండంగుళాల మీద పదహారో వంతులు. 2.4 అంటే రెండుంబావు అంగుళాలు, 2.8 అంటే రెండున్నర. 2.10 అనేది 2.8 కన్నా పెద్ద గాజు, చిన్నది కాదు. ఇంట్లో ఎవరికైనా కొంటుంటే వాళ్ల బొటనవేలు అరచేతిలోకి మడిపించి, కణుపుల దగ్గర వెడల్పైన చోట దారం చుట్టి కొలిచి రండి. 18 సెంటీమీటర్లయితే 2.4, 19 అయితే 2.6, 20 అయితే 2.8. లక్క గాజు సాగదు, గట్టిగా ఎక్కిస్తే విరుగుతుంది. సందేహం ఉంటే పెద్ద కొలతే తీసుకోండి.

బేరం ఇలా నడుస్తుంది.

‘ఆయియే బాజీ, చూడండి, చూడ్డానికి పైసల్లేవ్.’

‘ఈ జోడి ఎంత భాయ్?’

‘మీకోసం చెప్తా అక్కా, బోణీ టైం.’

‘మధ్యాహ్నం రెండైంది, ఇంకా బోణీయా?’

‘శనివారం కదక్కా, పొద్దంతా బోణీయే.’

సగం ధర అడగడం పాత సలహా, దాన్ని అన్నిచోట్లా వాడొద్దు. ముందు మూడు దుకాణాల్లో అదే రకం ధర విని, నాలుగో దాంట్లో అడగండి. పక్క వీధిలో ప్లాస్టిక్ గాజులు లక్కవని అమ్మేవాళ్లూ ఉన్నారు. రెండు గాజులు తగిలిస్తే లక్కది మందమైన చప్పుడు, ప్లాస్టిక్‌ది టక్కుమనే తేలిక చప్పుడు. ఇంటికెళ్లాక చేతికి శానిటైజర్, సెంటు తగలనివ్వద్దు. స్పిరిట్‌లో లక్క కరుగుతుంది. ఎండలో ఆపిన కారులో వదిలేసినా మెత్తబడి ఒకదానికొకటి అతుక్కుపోతాయి.

ఈ అలసటకి చాయ్. ఇరానీ చాయ్‌లో డికాక్షన్, పాలు వేర్వేరుగా కాగుతాయి. ఆకుని మూతపెట్టి దమ్ మీద ఉంచుతారు. పాలు ఇంకో గిన్నెలో చిక్కబడేదాకా మరుగుతాయి. కప్పులో ముందు డికాక్షన్, పైనుంచి పాలు. దమ్ ఎక్కువసేపు నిలిస్తే వగరు వస్తుంది. కొత్త గిన్నె ఎక్కించాక వచ్చే మొదటి కప్పులు వేరుగా ఉంటాయి. కాబట్టి కౌంటర్ దగ్గర ఆవిరి ఎగసే సమయం చూసి ఆర్డరివ్వండి. ఇద్దరుంటే వన్ బై టూ, ఉస్మానియా బిస్కట్ ముంచుకోవడానికి. ఒకటి లెక్కపెట్టేలోపు తియ్యకపోతే అది కప్పు అడుగున.

ఆదివారం

పొద్దున పత్తర్‌గట్టి. షట్టర్లు తెరవకముందే చూడాలి, ఎందుకంటే అప్పుడే రాతి కమానుల వరస అడ్డం లేకుండా కనబడుతుంది. 1908 సెప్టెంబరులో మూసీ వరద వచ్చాక, 1912లో ఏర్పడిన నగరాభివృద్ధి బోర్డు చేయించిన పనుల్లో ఇదొకటి. దుకాణం పెట్టెలు బయటికొచ్చాక కమాను పాదాలు మాయమవుతాయి. పక్కనే ఛత్తా బజార్‌లో శుభలేఖల ముద్రణ. ఉర్దూ అక్షరాలు చేత్తో రాసే కాతిబ్‌లు తగ్గిపోయారు. కంప్యూటర్ అక్షరం పక్కన చేతి అక్షరం పెట్టి చూపించమని అడిగితే విసుక్కోకుండా చూపించేవాళ్లు ఇంకా దొరుకుతారు.

మధ్యాహ్నం మహబూబ్ చౌక్. 1892 నాటి గడియార స్తంభం చుట్టూ పాత సామాను, పనిముట్లు. పది నిమిషాలు చాలు.

ఈ చౌరస్తాకి మూడో గడియారం కూడా ఉంది, అది చంద్రుడిది. రంజాన్ నెలలో రోజంతా తలకిందులవుతుంది. మధ్యాహ్నం దాకా నిద్ర, మగ్రిబ్ తరవాత మేలుకోవడం, సహరీ (తెల్లవారుజామున ఉపవాసానికి ముందు తినే భోజనం) దాకా బజారు. ఆ నెలలో పైన చెప్పిన వేళలేవీ పనికిరావు. ఆషురా (మొహర్రం పదో రోజు) నాడు బీబీ కా ఆలం అనే పవిత్ర ధ్వజం ఏనుగు మీద ఈ దారినే పోతుంది. బోనాల్లో అక్కన్న మాదన్న గుడి ఘటం కూడా ఏనుగు మీదే, చార్మినార్ మీదుగా నయాపూల్ వైపు సాగుతుంది. బాలాపూర్ గణేశుడు హుస్సేన్‌సాగర్‌కి వెళ్లేదీ ఇటే. హిజ్రీ (ఇస్లామీ చాంద్రమాన పంచాంగం) పండుగలు ఏటా సుమారు పదకొండు రోజులు ముందుకొస్తాయి, ఆషాఢం మాత్రం అధికమాసాలతో సర్దుకుని వర్షాకాలంలోనే నిలుస్తుంది. అందుకే కొన్నేళ్లు రెండు ఏనుగుల మధ్య నెలల తేడా, కొన్నేళ్లు రోజుల తేడా. ఊరేగింపు రోజుల్లో దారులు మూస్తారు, బయల్దేరేముందు ట్రాఫిక్ పోలీసుల ప్రకటన చూసుకోండి.

రాత్రి పదిన్నర దాటాక చివరిసారి రండి. దీపాల వెలుతురులో మినార్లు పొద్దున చూసినవాటికన్నా సన్నగా కనబడతాయి. బత్తాయి గోపురంలో మిగిలేది అడుగు వరస ఒక్కటే. దాన్ని బుట్టకెత్తి, పట్టా దులిపి, చక్రం కింద రాయి తీసి, బండిని గల్లీలోకి తోస్తారు. రాయి మాత్రం గోడవారన పెడతారు, రేపటికి. అప్పటికే అవతలి మూల ఎవరో ఊడవడం మొదలుపెట్టి ఉంటారు. మదీనా దాకా నడిస్తే ఆటోలు దొరుకుతాయి, మీటరు మాట మాత్రం ఎత్తకండి, ఎక్కేముందే ధర మాట్లాడుకోండి.